లోగో వదిలిన చేతిలో ఏముంది?

నెల్లూరు నుంచి పెన్నా వంతెన దాటితే కోవూరు. అక్కడి ఒక టీ అంగట్లో, గత నెల ఒక సాయంత్రం, నా పూర్వ విద్యార్థి ఒకడు సంచిలోంచి టీవీ చానెల్ లోగో తీసి బల్ల మీద పెట్టాడు. తొమ్మిదేళ్లు అతను ఆ లోగో పట్టుకొని ఈ నియోజకవర్గంలో తిరిగాడు. ఆ పనికి జీతం లేదు. లోగో చేతికి రావడానికి ముందే డిపాజిట్ కట్టాడు. పండుగలకూ నాయకుల పుట్టినరోజులకూ ప్రకటనలు సేకరించి పంపాడు. ప్రసారమైన వార్తకు ఇంత అని లెక్కగట్టి వచ్చే డబ్బు పెట్రోలుకైనా చాలేది కాదు. "రేపు ఇచ్చేస్తుండా సార్. ఇంక సొంతంగా పొలిటికల్ పాడ్‌కాస్ట్ పెట్టుకుంటా. తొలి ఎపిసోడ్‌కి మీరే రావాల" అన్నాడు.

అతను చానెల్‌ను వదలడానికి కారణమైన వార్త నాకు ముందే తెలుసు. తీరం వైపున్న ఒక ఊళ్లో దళితవాడ నుంచి శ్మశానానికి పోయే దారిని పక్క పొలంవారు కలిపేసుకున్నారు. వానాకాలంలో శవాన్ని మోకాటి లోతు మడి నీళ్లలో మోసుకుపోవాలి. మూడుసార్లు దృశ్యాలు పంపినా ఒక్కసారీ ప్రసారం కాలేదు. ఆ పొలం ఎవరిదో, ఆ కుటుంబానికి బంధువైన ప్రకటనదారు ఎవరో అతనికి తెలుసు. డెస్కులో ఉన్నవారికీ తెలుసు. అతను దళితుడు కావడంతో, నాలుగోసారి పంపినప్పుడు, నీ కులం వార్తలే పంపుతావేమని ఫోనులో అడిగారట.

నేను అతని తొలి పది ఎపిసోడ్ల జాబితా చూశాను. మాజీ శాసనసభ్యుడు, కాబోయే అభ్యర్థి, కులసంఘ నాయకులు, ఒక సినిమా నటుడు, నేను. శ్మశానం దారి జాబితాలో లేదు. ఎందుకు లేదని అడిగితే కాస్త ఇబ్బందిగా నవ్వి, "దానికి వ్యూస్ రావు సార్" అన్నాడు. ఆ మాటకు అక్కడ సమాధానం చెప్పలేకపోయాను. ఇప్పుడు చెప్పడానికి ప్రయత్నిస్తున్నాను.

తెలుగు నేల మీద టీవీ వార్తల నుంచి స్వతంత్ర రాజకీయ వ్యాఖ్యానానికి సాగిన ప్రయాణాల్లో అన్నింటికన్నా దూరం పోయినది చింతపండు నవీన్‌ది. ఆ పేరు చెబితే చాలామందికి తెలియదు. తీన్మార్ మల్లన్న అంటే తెలియనివారు లేరు. 2012లో మొదలైన వీ6 చానెల్‌లో తీన్మార్ వార్తల వ్యాఖ్యాతగా ఆయన తెలంగాణ యాసలో, ఊరి రచ్చబండ మీద కూర్చున్నట్టు వార్తలు చెప్పాడు. అంతవరకు తెలుగు టీవీలో యాస అంటే హాస్యపాత్ర భాష. వార్త కృష్ణా, గుంటూరు మెరుగుదిద్దిన భాషలో రావలసిందే. ఆ యాసను వార్తకే అధికార భాష చేయడం చిన్న విషయం కాదు. మా నెల్లూరు యాసకు ఇప్పటికీ ఆ భాగ్యం పట్టలేదు; "ఏందబ్బయా" అంటే నవ్వులాటకే గానీ బులెటిన్‌కు పనికిరాదు. ఇంకొక సంగతీ గుర్తుంచుకోవాలి. వీ6 కేంద్ర మంత్రిగా పనిచేసిన దళిత నాయకుడు జి. వెంకటస్వామి కుటుంబానికి చెందిన చానెల్. కమ్మ, రెడ్డి, వెలమ పెట్టుబడి చేతుల్లోనే ప్రధానంగా నడిచిన తెలుగు టీవీ రంగంలో, మున్నూరు కాపు కులానికి చెందిన ఒక బీసీ యువకుడికి వేదిక దొరికినది ఒక దళిత కుటుంబం పెట్టిన చానెల్‌లో. దీన్ని కాకతాళీయం అనుకోలేను.

2015లో మల్లన్న వరంగల్–ఖమ్మం–నల్లగొండ పట్టభద్రుల మండలి స్థానానికి కాంగ్రెస్ అభ్యర్థిగా పోటీచేసి ఓడిపోయాడు. తర్వాత యూట్యూబ్‌లో క్యూ న్యూస్ పెట్టుకున్నాడు. పొద్దున్నే దినపత్రికలను ముందేసుకొని ఒక్కొక్క వార్తనూ చదువుతూ, వెక్కిరిస్తూ, ముఖ్యమంత్రిని పేరు పెట్టి నిలదీస్తూ గంటల తరబడి మాట్లాడేవాడు. ఈ ప్రక్రియకు ఇప్పుడు పాడ్‌కాస్ట్ అని పేరుపెట్టుకున్నాం. తెలుగులో ఆ మాటకు అర్థం చెవితో వినేది అని కాకుండా, కెమెరా ముందు తీరిగ్గా సాగే సుదీర్ఘ రాజకీయ సంభాషణ అని స్థిరపడిపోయింది. 2021 మార్చిలో అదే మండలి స్థానానికి స్వతంత్రుడిగా నిలబడి ఆచార్య కోదండరామ్‌ను మూడో స్థానానికి నెట్టి, అధికార పార్టీ అభ్యర్థి పల్లా రాజేశ్వర్‌రెడ్డి తర్వాత రెండో స్థానంలో నిలిచాడు. పార్టీ లేదు, ధనబలం లేదు. ఉన్నదల్లా రోజూ వినే శ్రోతలు. అదే ఏడాది ఆగస్టులో ఒక జ్యోతిషుడి ఫిర్యాదుపై బలవంతపు వసూళ్ల కేసులో అరెస్టయి, రెండు నెలలకు పైగా జైలులో ఉండి, డిసెంబరులో బీజేపీలో చేరాడు. అక్కడ ఎక్కువ కాలం నిలవలేదు. 2023 ఎన్నికల ముందు మళ్లీ కాంగ్రెస్. 2024 జూన్‌లో ఉప ఎన్నిక ద్వారా అదే స్థానం నుంచి శాసనమండలికి చేరాడు. 2025 ఫిబ్రవరిలో సొంత ప్రభుత్వం విడుదల చేసిన కులసర్వే లెక్కలను బహిరంగంగా తప్పుపట్టాడు. మార్చి 1న పార్టీ సస్పెండ్ చేసింది. జూలైలో ఆయన మాట్లాడిన ఒక మాట మీద ఆగ్రహించి తెలంగాణ జాగృతి కార్యకర్తలు క్యూ న్యూస్ కార్యాలయంపై దాడిచేశారు. ఆయన అంగరక్షకుడు గాలిలోకి కాల్పులు జరిపాడు. సెప్టెంబరు 17న తెలంగాణ రాజ్యాధికార పార్టీ ప్రకటించాడు.

దశాబ్దకాలంలో వ్యాఖ్యాత, అభ్యర్థి, ఖైదీ, శాసనమండలి సభ్యుడు, పార్టీ అధ్యక్షుడు. నా విద్యార్థులు ఈ ప్రయాణాన్ని విజయగాథగా చెప్పుకుంటారు. ఇందులో విజయం ఉంది, కాదనను. కానీ ఈ వరుసలో 'విలేకరి' అన్న మాట ఎక్కడుందో వెతకాలి.

ముందుగా, ఈ వలస ఎందుకు తప్పనిసరి అయిందో చూడాలి. 1996లో వాషింగ్టన్ పోస్ట్ విలేకరి, ఆఫ్రికన్ అమెరికన్ అయిన కెన్నెత్ కూపర్, ఒక దళిత జర్నలిస్టు అభిప్రాయం కావాలని ఢిల్లీలో బి.ఎన్. ఉనియాల్‌ను అడిగాడు. వెతికి వెతికి ఉనియాల్‌కు ఒక్కరూ దొరకలేదు. ఆ సంగతే ఆయన పయనీర్ పత్రికలో రాశాడు. పదేళ్ల తర్వాత, 2006లో, అనిల్ చమడియా, జితేంద్ర కుమార్, యోగేంద్ర యాదవ్ ఢిల్లీలోని 37 జాతీయ మాధ్యమ సంస్థల్లో నిర్ణయాలు తీసుకునే 315 మందిని లెక్కించారు. 71 శాతం మంది అగ్రకుల హిందూ పురుషులు. దళితుడు గానీ ఆదివాసీ గానీ ఒక్కరూ లేరు. 2019లో ఆక్స్‌ఫాం ఇండియా, న్యూస్‌లాండ్రీ కలిసి మళ్లీ చూస్తే, 121 నాయకత్వ స్థానాల్లో 106 అగ్రకులాలవే. దళితులు, ఆదివాసులు అప్పటికీ సున్నా. ఇరవై మూడేళ్లలో ఆ సున్నా కదలలేదు. తెలుగు గదుల్లో పరిస్థితి దీనికి భిన్నంగా ఉందని అక్కడ పనిచేసిన వారెవరూ నాకు చెప్పలేదు. నా అనుభవం చిన్నదే అయినా చెబుతాను: టీవీ చర్చకు నన్ను పిలిచేది కులం మీద చర్చ ఉన్నప్పుడే. బడ్జెట్ మీద మాట్లాడమని ఇరవై ఏళ్లలో ఒక్కరూ పిలవలేదు, నా పరిశోధన ప్రభుత్వ వ్యయం మీదే అయినా.

కనుక తలుపు తెరవని ఇంటి ముందు నిలబడకుండా సొంత గుడిసె వేసుకోవడం కొత్త కాదు. అంబేడ్కర్ 1920 జనవరి 31న 'మూక్‌నాయక్' మొదలుపెట్టినప్పుడు, డబ్బు కడతామన్నా ఆ పత్రిక ప్రకటన వేయడానికి 'కేసరి' ఒప్పుకోలేదు. హైదరాబాదులో భాగ్యరెడ్డివర్మ 1931లో 'భాగ్యనగర్' పత్రిక నడిపాడు. కారంచేడు తర్వాత బొజ్జా తారకం సంపాదకత్వంలో 'నలుపు' వచ్చింది. 2011లో రవిచంద్రన్ హైదరాబాదు నుంచి 'దళిత్ కెమెరా' అనే యూట్యూబ్ చానెల్ ఆరంభించాడు. బీబీసీలో పనిచేసి బయటికి వచ్చిన మీనా కోత్వాల్ 2021లో 'ద మూక్‌నాయక్' పేరునే మళ్లీ నిలబెట్టింది. మన రోజుల్లోని పాడ్‌కాస్ట్‌ను ఈ వంశవృక్షంలో పెట్టి చూడడం సబబు. పెట్టి చూసినప్పుడే తేడా కూడా కనబడుతుంది.

'నలుపు' పాఠకుడికి అభిప్రాయంతో పాటు సమాచారం చేరేది. ఎక్కడ ఏ పల్లెలో ఏం జరిగింది, ఎవరి మీద కేసు పెట్టారు, ఎవరిని వదిలేశారు. 'దళిత్ కెమెరా' పేరులోనే కెమెరా ఉంది. అది బాధితుల ముందు పెట్టిన కెమెరా. ఇప్పుడు మన రాజకీయ పాడ్‌కాస్ట్‌లలో కెమెరా ఎదుట కూర్చునేది మాట్లాడేవాడు, అతని ఎదుట అతిథి. వారిద్దరూ చర్చించే వార్త ఇంకెవరో తెచ్చినది. క్యూ న్యూస్ ఉదయపు కార్యక్రమానికి ముడిసరుకు ఏమిటి? దినపత్రికలు. అంటే ఏ అగ్రకుల సంపాదక మండలి ఎంపికను ధిక్కరిస్తూ మల్లన్న బయటికి వచ్చాడో, ఆ మండలి ఎంచిన వార్తలే పొద్దున్నే ఆయన బల్ల మీద ఉన్నాయి. ఆయన వాటిని తిట్టాడు, తిరగేశాడు, పాతరేశాడు. కానీ ఎంపిక వాళ్లదే. పత్రికలో రాని శ్మశానం దారి, పత్రికను చదివి విమర్శించే కార్యక్రమంలోకి ఏ దారిన వస్తుంది?

వార్త తేవడమంటే ఏమిటో నెల్లూరు జిల్లాకు ఎవరూ నేర్పనక్కరలేదు. 1920ల చివర, యానాదుల మధ్య పనిచేసిన వెన్నెలకంటి రాఘవయ్య ఇక్కడి నుంచే 'జమీన్ రైతు' వారపత్రికను మొదలుపెట్టాడు. వెంకటగిరి జమీందారీ రైతుల గోడు దానికి ఆధారం. 1992లో కలిగిరి మండలం దూబగుంటలో రోశమ్మ, ఆమె తోటి స్త్రీలు సారా అంగడి మూయించారు. వాళ్లలో ఎక్కువమంది దళిత, వెనుకబడిన కులాల కూలి మహిళలు. ఆ కబురు ఊరు దాటించింది జిల్లా విలేకరులు. రోజుకు ఒక ఊరి పేరుతో, ఒక మహిళ పేరుతో వార్త వచ్చేది. 'ఈనాడు' సారాపై సమరం అంటూ ప్రత్యేకంగా ఒక పేజీ కేటాయించింది. 1993లో సారా నిషేధం, 1995 జనవరిలో సంపూర్ణ మద్యనిషేధం వచ్చాయి. ఆ పత్రికకు రాజకీయ ప్రయోజనం ఉండిందా అంటే ఉండింది. ఆ రోజుల్లో పసిపిల్లవాణ్ని అడిగినా చెప్పేవాడు. యాజమాన్యం ఏ కులానిది అన్నదీ తెలిసిందే. అయినా పంక్తికి ఇంత అని 'లైన్ అకౌంట్' మీద బతికిన విలేకరి సైకిలు తొక్కుకుంటూ పోయి ఆ స్త్రీ పేరు రాసుకొచ్చాడు. పేరు, ఊరు, తేదీ. ఆ మూడూ ఉంటేనే సారా వేలంపాటను ఆపమని కలెక్టరును అడగడం సాధ్యమైంది.

దళితుల విషయంలో ఈ మూడింటి విలువ ఇంకా ఎక్కువ. 1985 జూలై 17న కారంచేడులో ఆరుగురు దళితులను చంపారు. 1991 ఆగస్టు 6న చుండూరులో ఎనిమిది మందిని. చుండూరు కేసులో ప్రత్యేక న్యాయస్థానం 2007లో శిక్షలు వేస్తే, 2014లో హైకోర్టు అందరినీ నిర్దోషులుగా వదిలేసింది. ఇరవై మూడేళ్ల పాటు సాగిన ఆ వ్యవహారంలో ఎవరు ఎప్పుడు ఏం చూశారన్నదే ప్రాణప్రదం. మొదటి రోజుల్లో ఊళ్లోకి పోయి రాసుకొచ్చిన ప్రతి కాగితానికీ అలాంటి చోట విలువ ఉంటుంది. స్టూడియో వ్యాఖ్యానం, అది ఎంత న్యాయమైన ఆగ్రహంతో నిండినదైనా, ఏ న్యాయస్థానంలోనూ సాక్ష్యం కాదు.

ఇది పాడ్‌కాస్టర్ల నైతిక లోపం అని నేను అనడం లేదు. డబ్బు ఎటు నుంచి వస్తుందో చూస్తే విషయం తేటపడుతుంది. యూట్యూబ్‌లో ప్రకటనల ఆదాయం రావాలంటే వెయ్యి మంది చందాదారులు, ఏడాదిలో నాలుగు వేల గంటల వీక్షణ ఉండాలి. నిడివి గల వీడియోల మీద వచ్చే ప్రకటన ఆదాయంలో 55 శాతం చానెల్‌కు, మిగతాది కంపెనీకి. ఇక్కడి వరకు న్యాయంగానే కనబడుతుంది. అయితే హింస, ద్వేషం, విషాద ఘటనల వంటి 'సున్నిత' విషయాల మీద ప్రకటనలను పరిమితం చేసే నియమాలు ఉన్నాయి. అలాంటి వీడియో పక్కన పసుపు గుర్తు పడుతుంది, ఆదాయం తగ్గిపోతుంది. కులహత్య మీద తీసిన వీడియో స్వభావరీత్యానే హింస, విషాదం. అదే హత్య మీద ఇద్దరు నాయకులు తిట్టుకున్న వీడియోకు ఆ ఇబ్బంది తక్కువ, చూసేవారూ ఎక్కువ. అప్పట్లో ప్రకటనదారు బంధువు డెస్కుకు ఫోను చేసి ఆపేవాడు. ఇప్పుడు ఫోను అక్కరలేదు. ఎవరి పేరూ లేని లెక్క ఒకటి ఆ పని చేసిపెడుతుంది. పైగా చర్చకు రెండు కుర్చీలు, రెండు మైకులు చాలు. శ్మశానం దారికి సర్వే నంబరు కావాలి, అడంగల్ నకలు కావాలి, ఎదుటివారి వివరణ కావాలి, నాలుగుసార్లు పోయిరావడానికి పెట్రోలు కావాలి. వారం పని పదిహేను నిమిషాల వీడియో అవుతుంది. ఆ వారంలో ఏడు ఇంటర్వ్యూలు చేసుకోవచ్చు.

అమెరికాలోనూ ఈ బాధ ఉంది. నల్లజాతి ప్రేక్షకుల కోసం నడిచే టీవీ వన్ చానెల్‌లో రోలాండ్ మార్టిన్ నడిపిన రోజువారీ వార్తా కార్యక్రమం 2017 చివర ఆగిపోయింది. మరుసటి ఏడాది ఆయన సొంతంగా 'రోలాండ్ మార్టిన్ అన్‌ఫిల్టర్డ్' ఆరంభించాడు. 2021 నాటికి దాన్ని బ్లాక్ స్టార్ నెట్‌వర్క్‌గా విస్తరించాడు. ఆయన పదే పదే లేవనెత్తే విషయం భావస్వేచ్ఛ ఒక్కటే కాదు: నల్లజాతీయుల యాజమాన్యంలోని మాధ్యమాలకు పెద్ద కంపెనీల ప్రకటన బడ్జెట్‌లో దక్కే వాటా ఎంత అని అడుగుతాడు. సభ్యుల చందాలతో ఖర్చు పంచుకొని, ఓటుహక్కు ఊరేగింపుల దగ్గరికి కెమెరా పట్టుకుపోతాడు. మన దగ్గర ఈ ప్రశ్నను బీసీ సంఘాలు గానీ దళిత సంఘాలు గానీ ఇంతవరకు గట్టిగా అడిగినట్టు లేదు. రెండు రాష్ట్రాల సమాచార శాఖలు ఏటా ఇచ్చే ప్రకటనల్లో దళిత, ఆదివాసీ, బీసీ యాజమాన్యంలోని సంస్థలకు ఎంత పోతున్నదన్న లెక్క కోసం ఎవరు పోరాడుతున్నారు?

డబ్బు ఒక పక్క, పోలీసులు ఇంకో పక్క. మోజో టీవీలో నాయకత్వ బాధ్యతలు చూసిన రేవతి పొగడదండ తర్వాత పల్స్ న్యూస్ పేరుతో యూట్యూబ్ చానెల్ నడిపింది. ముఖ్యమంత్రిని ఒక సామాన్యుడు తిట్టిన వీడియో వేసినందుకు 2025 మార్చి 12న ఆమెనూ ఆమె సహచరి తన్వి యాదవ్‌నూ తెల్లవారకముందే అరెస్టు చేశారు. ఇదే రేవతిని 2019లో, ఒక టీవీ చర్చకు సంబంధించి ఎస్సీ, ఎస్టీ అత్యాచారాల నిరోధక చట్టం కింద నమోదైన కేసులో అరెస్టు చేశారు. దళితుల రక్షణకు పుట్టిన చట్టం నిజమైన దాడుల్లో ఎఫ్‌ఐఆర్ దశకు చేరడానికే ఆపసోపాలు పడుతుంటే, ఒక జర్నలిస్టు ఇంటికి మాత్రం అంత చురుగ్గా పోవడం గురించి అప్పుడే మనలో మనం మాట్లాడుకోవలసింది. 2025 మార్చిలోనే జర్నలిస్టు ఎవరో నిర్వచించాలని ముఖ్యమంత్రి శాసనసభలో అన్నారు. ఆంధ్రలో 2022లో వాట్సాప్ సందేశం పంపినందుకు వృద్ధ పాత్రికేయుడు అంకబాబును అరెస్టు చేసిన ప్రభుత్వం ఒకటి; 2025 జూన్‌లో చర్చలో పాల్గొన్న అతిథి అన్న మాటకు వ్యాఖ్యాత కొమ్మినేని శ్రీనివాసరావును అరెస్టు చేసి సుప్రీంకోర్టు చేత విడిపించుకున్న ప్రభుత్వం ఇంకొకటి. పార్టీల పేర్లు మార్చి చదువుకున్నా వాక్యం మారదు. కేంద్రం తెచ్చిన ప్రసార సేవల ముసాయిదా బిల్లు 2024లో యూట్యూబ్ వ్యాఖ్యాతలను కూడా తన పరిధిలోకి లాక్కోబోయి, గొడవ కావడంతో ఆగింది. కొమ్మినేని వెనక ఒక పెద్ద సంస్థ, దాని న్యాయవాదులు ఉన్నారు. మా కోవూరు కుర్రాడిని స్టేషనుకు పిలిస్తే వెనక ఎవరుంటారు? అతని వాడ ఉంటుంది, ఒక కులసంఘం ఉంటుంది, ఎన్నికల ముందైతే ఒక పార్టీ ఉంటుంది. ఆ రక్షణకు ధర ఉంటుంది.

ఆ ధర గురించే నాకు భయం. యజమాని కులం నుంచి తప్పించుకున్న గొంతు, శ్రోతల కులం దగ్గర తాకట్టు పడుతుంది. 2024 ఆగస్టు 1న ఎస్సీ వర్గీకరణ మీద సుప్రీంకోర్టు తీర్పు వచ్చింది. 2025 ఏప్రిల్‌లో తెలంగాణ 1, 9, 5 శాతాలుగానూ, ఆంధ్రప్రదేశ్ 1, 6.5, 7.5 శాతాలుగానూ విభజించి అమలుకు పూనుకున్నాయి. ఆ నెలల్లో మా విద్యార్థుల ఫోన్లలో నేను గమనించినది ఏమంటే, మాల విద్యార్థి వినే చానెళ్లు వేరు, మాదిగ విద్యార్థి వినేవి వేరు. రెల్లి విద్యార్థికి ఏ చానెలూ లేదు. ఒకే హాస్టలు గది, రెండు మంచాలు, రెండు లోకాలు. ఉద్యోగాల లెక్కలు ఎవరివి ఎంత అన్నది రెండు వైపులా ఒక్కరూ చూపించలేదు. తన శ్రోతలకు ఇష్టం లేని అంకె చెబితే సాయంత్రానికి చందాదారులు పోతారు.

మల్లన్న విషయంలోనూ ఇదే చిక్కు. తెలంగాణ కులసర్వే ముస్లిం బీసీలతో కలిపి బీసీలు 56.33 శాతం అని తేల్చింది; ఎస్సీలు 17.43, ఎస్టీలు 10.45. బీసీల సంఖ్యను తక్కువ చేసి చూపారన్నది ఆయన ఆరోపణ. ఆ ఆరోపణ తప్పో ఒప్పో తేల్చే పద్ధతి ఒక్కటే: కొన్ని గ్రామాలను ఎంచుకొని ఇల్లిల్లూ తిరిగి సర్వే పత్రాలతో పోల్చి చూడడం. లక్షల మంది వినే చానెల్ ఉన్నవాడికి అది అసాధ్యం కాదు. ఇరవై ఊళ్లలో ఆ పని చేసి చూపిస్తే ప్రభుత్వం జవాబు చెప్పక తప్పేది కాదు. జరిగింది సభలు, సవాళ్లు, సస్పెన్షన్, కొత్త పార్టీ. బీసీ రాజ్యాధికారం అన్న డిమాండు న్యాయమైనదే. నేను దాని పక్షమే. కానీ ఊళ్లలో దళితుడి శ్మశానం దారిని మూసేది ఎప్పుడూ రెడ్డో కమ్మో వెలమో అనుకోవడం అమాయకత్వం. చాలాచోట్ల ఆ పొలం బీసీ రైతుది. ఆ వార్తను బీసీ శ్రోతల మీద బతికే చానెల్ చెబుతుందా? చెప్పినరోజు దానిని స్వతంత్ర చానెల్ అందాం.

కోవూరు రాజకీయం తెలిసినవారికి ఇదంతా మరీ స్పష్టం. 1983 నుంచి ఇక్కడి శాసనసభ్యుల పార్టీ మారింది, ఒకే వ్యక్తి వేర్వేరు పార్టీల తరఫున గెలిచిన సందర్భం ఉంది. ఇంటిపేరు చివర రెడ్డి మాత్రం మారలేదు. మొన్న 2024లో తొలిసారి మహిళ గెలిచింది, ఆమే ప్రశాంతిరెడ్డి. ఈ నియోజకవర్గంలో ఇందుకూరుపేట, విడవలూరు తీరం పొడవునా రొయ్యల చెరువుల గట్ల మీద కాపలా గుడిసెల్లో యానాది కుటుంబాలు ఉన్నాయి. జిల్లా గిరిజనుల్లో అత్యధికులు వాళ్లే. ఆధార్ లేని పిల్లలు, బయానా తీసుకొని తీర్చలేక బాతుల వెంట పోయిన పిల్లలు. వాళ్లు ఏ పాడ్‌కాస్ట్‌కూ శ్రోతలు కారు, ఏ పార్టీకీ గట్టి ఓటుబ్యాంకు కారు. వ్యూస్ లెక్కలో వాళ్ల విలువ దాదాపు సున్నా. టీవీ డెస్కు లెక్కలోనూ అంతే.

ఇదంతా నా విద్యార్థికి ఇంత పొడుగ్గా చెప్పలేదు. తొలి ఎపిసోడ్‌కు వస్తాను గానీ ఒక షరతు ఉందన్నాను. పది ఇంటర్వ్యూల మీద వచ్చే డబ్బులో కొంత తీసిపెట్టి నెలకు ఒక్క వార్త, తను స్వయంగా పోయి తెచ్చిన వార్త, కాగితాలతో సహా చెప్పాలి. అతను వెంటనే ఒప్పుకోలేదు. "మీకు జీతం వస్తాది సార్, చెప్తారు" అన్నాడు. ఆ మాట నిజం. కాసేపు ఇద్దరం మాట్లాడుకోలేదు. తర్వాత అతనే, సర్వే నంబరు తన దగ్గర ఉందన్నాడు.

ఆ రాత్రి మా ఇంట్లో కూర్చొని సమాచార హక్కు చట్టం కింద దరఖాస్తు రాశాం. ఆ దారి గ్రామ పటంలో ఉందా, పాత రీసెట్లుమెంటు రిజిస్టరులో ఆ నంబరు ఎదుట పోరంబోకు అని ఉందా పట్టా అని ఉందా, గత పదేళ్లలో ఆ వాడవాళ్లు ఎన్ని అర్జీలు ఇచ్చారు, వాటి మీద ఏ ఉత్తర్వు వెలువడింది. నాలుగే ప్రశ్నలు. మండల కార్యాలయంలో రుసుము అయిదు రూపాయలు. వాడలోని ఒక పెద్దాయన తన పేరు మీదే పెడతానని ముందుకొచ్చాడు. ఆయన భార్యను పోయిన వానల్లో ఆ మడిలోంచే మోసుకుపోయారు. పొలం రైతు ఇంటికి కూడా మావాడు పోయాడు. ఆయన మొదట కసిరాడు, తర్వాత కూర్చోమన్నాడు, తన తాత కొన్న దస్తావేజు చూపించాడు. దాన్ని ఫొటో తీసుకున్నాడు.

జవాబివ్వడానికి చట్టం ఇచ్చిన గడువు 30 రోజులు. ఇవాళ్టికి ఇరవై రెండు. లోగో ఇచ్చేశాడు, డిపాజిట్ ఇంకా తిరిగిరాలేదు. పాడ్‌కాస్ట్‌లో నాతో చేసిన ఎపిసోడ్‌ను నాలుగు వందల పదకొండు మంది చూశారు.